అనుబంధం కుదరని పిల్లలతో పనిచేయడానికి శిక్షణ: తరచుగా అడిగే ప్రశ్నలు

శిశుగృహల్లోని ఆయమ్మలకు, బాలసదనాల కౌన్సెలర్లకు, దత్తత కుటుంబాలను చూసే సోషల్ వర్కర్లకు శిక్షణ ఇచ్చే పనిలో ఉన్నాను. బ్యాచ్ మారుతుంది గానీ సందేహాలు మారవు. టీ విరామంలో ఒకరు, క్లాసయ్యాక ఫోన్‌లో ఇంకొకరు అవే అడుగుతుంటారు. అందుకే అడిగినవాళ్ల మాటల్లోనే ఇక్కడ రాసి పెడుతున్నాను. మీకు ఏ ప్రశ్న కావాలో నేరుగా దానికే వెళ్లండి. ఉదాహరణల్లో పిల్లలను గుర్తుపట్టగలిగే వివరాలన్నీ మార్చాను.

## చేరాలా వద్దా అని ఆలోచిస్తున్నవారికి

‘అటాచ్‌మెంట్ సమస్య’ అంటే ఏమిటి? మా బాబు నన్ను వదిలి ఒక్క నిమిషం ఉండడు, అదేనా?

కాదు. ఎనిమిది, తొమ్మిది నెలల బిడ్డ తెలియని ముఖం చూసి ఏడిస్తే ‘కొత్త చేస్తున్నాడు’ అంటాం. అమ్మ ఊరెళ్లినప్పుడు అన్నం ముట్టకపోతే ‘బెంగ పెట్టుకున్నాడు’ అంటాం. ఈ రెండూ మంచి గుర్తులే. బిడ్డ మనసులో ‘నా మనిషి’ అని ఒకరు కుదిరారన్నమాట. అటాచ్‌మెంట్, అంటే అనుబంధం, ఇదే.

అలాంటి మనిషి కుదరకపోతేనే సమస్య. నెలల తరబడి చేతులు మారుతూ పెరిగినా, ఏడ్చినప్పుడు పలికేవారు లేకపోయినా, కాపాడాల్సిన మనిషే కొట్టి భయపెట్టినా బిడ్డ నమ్మడం నేర్చుకోలేదు. కొందరు దెబ్బ తగిలినా ఎవరి దగ్గరికీ వెళ్లరు. కొందరు దారిన పోయే మనిషి చెయ్యి కూడా పట్టుకుని వెళ్లిపోతారు. మానసిక వైద్యులు వాడే రుగ్మతల జాబితా డీఎస్ఎం-5 ఈ రెండింటినీ 2013 నుంచి వేర్వేరు రుగ్మతలుగా చూస్తోంది. రుగ్మత అనదగ్గంత తీవ్రమైనవి అరుదు. అంతకంటే తక్కువ స్థాయి ఇబ్బందులు మాత్రం చాలామంది పిల్లల్లో ఉంటాయి. శిక్షణలో ఎక్కువ భాగం వాళ్ల కోసమే.

నేను ఆయమ్మని, పదో తరగతి వరకే చదివాను. ఇలాంటి శిక్షణ నాకు అర్థమవుతుందా?

అర్థమవుతుంది. నిజానికి ఈ శిక్షణ అందరికంటే ముందు మీకే అందాలి. సైకాలజిస్ట్ వారానికి ఒకసారి వస్తారు. స్నానం చేయించేది, ముద్ద పెట్టేది, రాత్రి రెండు గంటలకు బిడ్డ ఉలిక్కిపడి లేస్తే వీపు నిమిరేది మీరు. అనుబంధం కుదిరేది ఆ పనుల్లోనే. మంచి శిక్షకుడు మీతో ఇంగ్లీష్ మాటలు వల్లె వేయించడు. మీరు రోజూ చేసే పనినే తీసుకుని, దాన్ని బిడ్డ వైపు నుంచి చూడటం నేర్పుతాడు. నా అనుభవంలో డిగ్రీలున్నవారి కంటే ఆయమ్మలే దీన్ని త్వరగా పట్టుకుంటారు. ‘వాడు మొండివాడు కాదు మేడమ్, భయపడుతున్నాడు’ అని ఒక ఆయమ్మ మొదటి రోజే అన్నారు. ఆ ఒక్క మాట కోసం నేను మూడు గంటల పాఠం తయారు చేసుకుని వెళ్లాను.

తెలుగు రాష్ట్రాల్లో ఉండి ఇది ఎక్కడ నేర్చుకోవచ్చు?

మీరు చేయాలనుకుంటున్న పనిని బట్టి దారి మారుతుంది. పిల్లలకు రుగ్మత నిర్ధారించి చికిత్స చేయాలంటే సైకియాట్రీ చదవాలి, లేదా రిహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా గుర్తించిన క్లినికల్ సైకాలజీ కోర్సు పూర్తిచేసి కౌన్సిల్‌లో నమోదు కావాలి. పిల్లల రక్షణ వ్యవస్థలో ఇప్పటికే ఉన్నవారికి బెంగళూరు నిమ్హాన్స్‌లోని ‘సంవాద్’ విభాగం మంచి ఆధారం. కేంద్ర మహిళా శిశు అభివృద్ధి శాఖ మద్దతుతో అది నడుస్తోంది. సంరక్షణ సిబ్బంది, బాలల సంక్షేమ కమిటీ సభ్యులు, కౌన్సెలర్ల కోసమే అక్కడి శిక్షణ. వైకల్యం కూడా ఉన్న పిల్లలతో పనిచేసేవారికి సికింద్రాబాద్ మనోవికాస్‌నగర్‌లోని ఎన్ఐఈపీఐడీ (మేధో వైకల్యం ఉన్నవారి కోసం పనిచేసే జాతీయ సంస్థ) ఉంది.

విదేశాల్లో పుట్టిన కార్యక్రమాలు కొన్ని ఆన్‌లైన్‌లో దొరుకుతాయి. పిల్లలను పెంచేవారి కోసం నడిపే ‘సర్కిల్ ఆఫ్ సెక్యూరిటీ’ కార్యక్రమానికి ఫెసిలిటేటర్ శిక్షణ నాలుగు రోజులు. డాలర్లలో ఫీజు కట్టి వాటిలో చేరే ముందు, మీరు రోజూ పనిచేసే పిల్లలు ఉన్నారా, మీ పని చూసి సరిదిద్దే పెద్దలు ఒకరు దొరుకుతారా అని ఆలోచించండి. ఆ రెండూ లేకపోతే నేర్చుకున్నది ఆరు నెలల్లో మరుగున పడుతుంది.

రెండు రోజుల కోర్సు చేసి సర్టిఫికెట్ తీసుకుంటే ‘అటాచ్‌మెంట్ థెరపిస్ట్’ అని బోర్డు పెట్టుకోవచ్చా?

పెట్టుకోకండి. చిన్న కోర్సు మీరు ఇప్పటికే చేస్తున్న పనికి చూపు ఇస్తుంది, కొత్త వృత్తిని ఇవ్వదు. టీచర్ మెరుగైన టీచర్ అవుతుంది, సోషల్ వర్కర్ మెరుగైన సోషల్ వర్కర్ అవుతాడు. నమోదు లేకుండా చికిత్స మొదలుపెడితే నష్టపోయేది అప్పటికే చాలామంది పెద్దల చేతుల్లో దెబ్బతిన్న పిల్ల. చేరే ముందు నిర్వాహకులను మూడు విషయాలు అడగండి: నేర్పేవారు స్వయంగా పిల్లలతో ఎన్నేళ్లు పనిచేశారు, కోర్సు అయ్యాక సూపర్‌విజన్ (అనుభవం ఉన్నవారు మీ పని చూసి సరిదిద్దడం) ఉంటుందా, ఈ పద్ధతిని పిల్లల మీద పరీక్షించిన పరిశోధన ఏదైనా ఉందా. మూడోదానికి జవాబుగా తల్లిదండ్రుల ప్రశంసల వీడియోలు చూపిస్తే అక్కడ చేరవద్దు.

నా చిన్నతనమే సరిగా సాగలేదు. తాగుబోతు నాన్న, ఎప్పుడూ ఏడుస్తుండే అమ్మ. నేను ఈ పనికి పనికొస్తానా?

ఈ ప్రశ్న ఎవరూ నలుగురిలో అడగరు. క్లాసయ్యాక అందరూ వెళ్లేదాకా ఆగి అడుగుతారు. ప్రతి బ్యాచ్‌లో ఒకరైనా ఉంటారు.

పనికొస్తారు. అమెరికన్ పరిశోధకురాలు మేరీ మెయిన్, ఆమె సహచరులు 1980లలో పెద్దవాళ్లను తమ బాల్యం గురించి చెప్పమని అడిగారు. ఆ జవాబులను వాళ్ల పిల్లల అనుబంధంతో పోల్చి చూశారు. బాల్యంలో ఏం జరిగిందన్నదాని కంటే, దాన్ని ఆ మనిషి ఇప్పుడు ఎలా చెప్పగలుగుతున్నాడన్నదే పిల్లల మీద ఎక్కువ ప్రభావం చూపింది. కష్టమైన బాల్యం గడిచినా దాన్ని దాచకుండా, దానిలో మునిగిపోకుండా చెప్పగలిగినవాళ్లు తమ పిల్లలకు గట్టి ఆసరా కాగలిగారు.

చేయాల్సిందల్లా మీ గాయం ఎక్కడుందో తెలుసుకోవడం. అరుపు వినగానే చేతులు చల్లబడతాయా? ఏడుస్తున్న బిడ్డను చూస్తే దయ కంటే ముందు చిరాకు వస్తుందా? ఇవి మీకు తెలిసి ఉంటే బిడ్డకు ప్రమాదం తక్కువ. అవసరమైతే ముందు మీ కోసం ఒక కౌన్సెలర్‌ను కలవండి. ఖర్చు గురించి, నలుగురికీ తెలుస్తుందేమోనని టెన్షన్ ఉంటే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీమానస్ 14416కు ఫోన్ చేయండి. తెలుగులో మాట్లాడవచ్చు.

ఇదంతా ఒక్క తల్లి, ఒక్క బిడ్డ ఉండే దేశాల సిద్ధాంతం కదా? అమ్మమ్మలు, పిన్నులు, అత్తలు పెంచే మన ఇళ్లకు ఎలా వర్తిస్తుంది?

ఈ సందేహం న్యాయమైనదే. అయితే ఈ పరిశీలనల్లో ముఖ్యమైనవి మొదలైంది ఆఫ్రికాలోని పల్లెల్లో. అనుబంధాన్ని పరిశోధించిన మనస్తత్వవేత్త మేరీ ఐన్స్‌వర్త్ 1954–55లో ఉగాండాలో ఇల్లిల్లూ తిరిగి బిడ్డలను గమనించారు. అక్కడా బిడ్డను చాలామంది ఎత్తుకునేవారు. అయినా దెబ్బ తగిలినప్పుడు బిడ్డ వెతికే ముఖాలు ఒకటో రెండో ఉండేవి. మన ఇళ్లలోనూ అంతే. పదిమంది ఎత్తుకున్నా జ్వరం వచ్చిన రాత్రి పిల్ల ఎవరి భుజం అడుగుతుందో ఇంట్లో అందరికీ తెలుసు. ఆ భుజం అమ్మదే కానక్కర్లేదు, నాయనమ్మది కావచ్చు. బిడ్డకు చాలామంది ఉండటం బలమే. ఆ చాలామంది నెలనెలా మారిపోవడమే నష్టం.

కొలిచే పద్ధతుల విషయంలో మాత్రం జాగ్రత్త అవసరం. తల్లి గది నుంచి కాసేపు బయటికెళ్లి వచ్చే ఐన్స్‌వర్త్ పరీక్షను జపాన్‌లోని సప్పోరోలో చేసినప్పుడు చాలామంది బిడ్డలు విపరీతంగా ఏడ్చారు. ఆ బిడ్డలు అంతకుముందు అమ్మను వదిలి ఉండటమే అరుదు, కాబట్టి ఆ ఏడుపును సమస్యగా లెక్కపెట్టడం సరికాదని విమర్శ వచ్చింది. అమ్మ పక్కనే పడుకుని, అమ్మ చంకలోనే తిరిగే మన బిడ్డలను చూసేటప్పుడూ ఇది గుర్తుండాలి.

## శిక్షణ సాగుతున్నప్పుడు

తరగతుల్లో అసలు ఏం చేయిస్తారు? థియరీ ఎక్కువా, ప్రాక్టికల్ ఎక్కువా?

మంచి కోర్సులో గమనించడం ఎక్కువ. అటాచ్‌మెంట్ సిద్ధాంతానికి ఆద్యుడైన బ్రిటిష్ మానసిక వైద్యుడు జాన్ బౌల్బీ చెప్పిన మూల విషయం చిన్నదే: భయమేస్తే పరుగెత్తి రావడానికి ఒక మనిషి ఉంటేనే బిడ్డ ధైర్యంగా లోకంలోకి అడుగుపెడుతుంది. దీన్ని అరపూటలో చెప్పేయవచ్చు. మిగతా రోజులన్నీ ఒక బిడ్డను చూస్తూ, ‘ఇప్పుడు ఈ బిడ్డకు దూరంగా వెళ్లి ఆడుకోవాలని ఉందా, దగ్గరికి రావాలని ఉందా?’ అని అడుగుతూ గడుస్తాయి. తర్వాత మీ సొంత వంతు. బిడ్డ ఏడ్చినప్పుడు మీ ఒంట్లో ఏం జరుగుతుంది, మీ చిన్నప్పుడు ఏడిస్తే ఎవరు పలికేవారు అని అడుగుతారు. ఇక్కడ కొందరికి కన్నీళ్లు వస్తాయి. అది మామూలే. ఇష్టం లేనిది చెప్పమని ఎవరూ బలవంతం చేయకూడదు.

మేం బిడ్డతో ఉన్నప్పుడు వీడియో తీస్తామంటున్నారు. తప్పులు పట్టడానికేనా?

కాదు. మీరు బాగా చేసిన క్షణాలను మీకే చూపించడానికి. నెదర్లాండ్స్‌లోని లైడెన్‌లో రూపొందిన వీడియో పద్ధతి దీని మీదే నడుస్తుంది. బిడ్డ మీ వైపు చూసింది, మీరు కళ్లెత్తి నవ్వారు, బిడ్డ బొమ్మ మీ చేతికిచ్చింది. నాలుగు సెకన్ల ముచ్చట. పనిలో ఉన్నప్పుడు అది మన కంటికి ఆనదు, తెర మీద చూస్తే మనసులో నాటుకుంటుంది.

ఒక విషయంలో మాత్రం పట్టుబట్టండి. సంరక్షణలో ఉన్న పిల్లల గుర్తింపు బయటపెట్టడాన్ని జువెనైల్ జస్టిస్ చట్టం 2015లోని 74వ సెక్షన్ నిషేధిస్తోంది. వీడియోకు రాతపూర్వక అనుమతి ఉందా, ఎవరి దగ్గర ఉంటుంది, ఎప్పుడు చెరిపేస్తారు అని అడగండి. ఆ క్లిప్ ఎవరి సొంత ఫోన్‌లోనూ, ఏ వాట్సాప్ గ్రూప్‌లోనూ ఉండకూడదు.

‘సెక్యూర్’, ‘అవాయిడెంట్’ అని పాఠంలో చెప్పారు. మా హోమ్‌లో పిల్లలకు ఆ పేర్లు పెట్టి ఫైల్లో రాయవచ్చా?

రాయవద్దు. తన మనిషి దగ్గర ఓదార్పు వెతికే తీరు ‘సెక్యూర్’, ఆ మనిషికి దూరంగా మసలే తీరు ‘అవాయిడెంట్’. ఆ పేర్లు పెట్టే పరీక్షను సుమారుగా ఏడాది, ఏడాదిన్నర వయసు బిడ్డలకు, వాళ్లను చూసుకునే ఒక ఫలానా మనిషితో కలిపి చేస్తారు. వీడియో చూసి మార్కులు వేయడానికి ప్రత్యేక శిక్షణ, ఆపైన పరీక్ష ఉంటాయి. పైగా ఆ పేరు బిడ్డకు చెందింది కాదు, ఆ ఇద్దరి మధ్య ఉన్న బంధానికి చెందింది. అదే బిడ్డ అమ్మతో ఒకలా, నాన్నతో ఇంకోలా ఉండవచ్చు. ‘అవాయిడెంట్’ రుగ్మత కూడా కాదు. మామూలు కుటుంబాల్లోనే మూడో వంతుకు పైగా బిడ్డల్లో సెక్యూర్ కాని తీరు కనిపిస్తుంది.

ఫైల్లో చూసింది చూసినట్టు రాయండి: ‘మెట్ల మీద పడ్డాడు. మోకాలు గీరుకుంది. ఏడవలేదు. ఆయమ్మ పిలిస్తే వెనక్కి తిరిగి చూడలేదు.’ తర్వాత వచ్చే డాక్టర్‌కు ఈ నాలుగు వాక్యాలు పేరుకంటే ఎక్కువ చెబుతాయి.

పిలిస్తే పలకడు, కళ్లలోకి చూడడు. ఇది ఆటిజమా, అటాచ్‌మెంట్ సమస్యా?

మీరు తేల్చవద్దు, తేల్చేవారి దగ్గరికి పంపండి. అన్నిటికంటే ముందు వినికిడి పరీక్ష. పిలిస్తే పలకని బిడ్డకు చెవి వినపడకపోవడమే కారణమైన సందర్భాలు ఉన్నాయి. తర్వాత పిల్లల ఎదుగుదల సమస్యలు చూసే జిల్లా ఎర్లీ ఇంటర్వెన్షన్ సెంటర్, లేదా పిల్లల డాక్టర్. 1990 తర్వాత రుమేనియా అనాథాశ్రమాల నుంచి బ్రిటన్‌కు దత్తత వెళ్లిన కొందరు పిల్లల్లో ఆటిజం లాంటి లక్షణాలు కనిపించాయని బ్రిటిష్ మానసిక వైద్యుడు మైఖేల్ రట్టర్ బృందం గుర్తించింది. తీవ్రమైన నిర్లక్ష్యం బిడ్డను అంత దూరం నెట్టగలదు.

మీరు చేయగలిగింది, బిడ్డకు నిలకడగా ఒక మనిషి దొరికాక నెలల్లో ఏం మారిందో రాసి ఉంచడం. నిర్లక్ష్యం వల్ల ముడుచుకుపోయిన బిడ్డ మంచి సంరక్షణలో తరచుగా తేరుకుంటుంది. ఆటిజం ఉన్న బిడ్డకు ప్రేమతో పాటు వేరే శిక్షణ కూడా కావాలి, దాన్ని ఆలస్యం చేయకూడదు. ఇంకో మాట. ఆటిజం తల్లి ప్రేమ తగ్గడం వల్ల రాదు. ఆ నింద మోస్తున్న తల్లి మీ ఎదురుగా ఉంటే ఈ విషయం స్పష్టంగా చెప్పండి.

బిడ్డను గట్టిగా పట్టుకుని, కోపమంతా కక్కేదాకా వదలకపోతే అనుబంధం కుదురుతుందని ఒక ట్రైనర్ చెప్పారు. చేయవచ్చా?

ఎట్టి పరిస్థితుల్లోనూ చేయకూడదు. ‘హోల్డింగ్ థెరపీ’, ‘రీబర్తింగ్’ పేర్లతో ఇవి అమెరికాలో ఒకప్పుడు నడిచాయి. 2000లో కొలరాడోలో దత్తత వచ్చిన పదేళ్ల పాపను దుప్పట్లలో చుట్టి, దిండ్లతో అదిమి, ‘మళ్లీ పుడుతున్నావు’ అన్నారు. ఊపిరాడడం లేదని పాప మొరపెట్టుకుంటున్నా ఆపలేదు. పాప చనిపోయింది. మరుసటి ఏడాది ఆ రాష్ట్రం ఆ పద్ధతిని చట్టంతో నిషేధించింది. పిల్లలపై దౌర్జన్యాల మీద పనిచేసే అమెరికన్ నిపుణుల సంఘం 2006లో ఇచ్చిన నివేదిక కూడా బలవంతంతో కూడిన పద్ధతులన్నీ మానాలని చెప్పింది.

పట్టు వదిలించుకోలేక బిడ్డ చివరికి సద్దుమణిగితే దాన్ని ప్రేమ అనుకోకండి. ఆశ వదులుకోవడం అది. ఇలాంటిది నేర్పుతుంటే క్లాసు మధ్యలోనే లేచి వచ్చేయండి. ఎక్కడైనా పిల్లల మీద జరుగుతుంటే పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చేయండి.

## పిల్లలతో పని మొదలుపెట్టాక

నేను ఎత్తుకుని ముద్దు చేస్తే నాకు మాలిమి అవుతుంది. రేపు దత్తత వెళ్లిపోతే ఇద్దరం ఏడవాలి. అసలు దగ్గర తీయకపోతేనే మేలు కదా?

ఇన్నేళ్లలో నేను ఎక్కువసార్లు విన్న ప్రశ్న ఇదే. కొన్ని హోమ్‌లలో పాత సిబ్బంది కొత్తవాళ్లకు మొదటి రోజే ‘ఎక్కువ అలవాటు చేయొద్దు’ అని చెబుతారు. చెడ్డ ఉద్దేశంతో కాదు, తాము ఏడ్చిన ఏడుపు గుర్తుండి చెబుతారు.

కానీ జవాబు స్పష్టంగా తెలుసు. దగ్గర తీయండి. రుమేనియాలోని బుకారెస్ట్‌లో 2000ల మొదట్లో సంస్థల్లో పెరుగుతున్న 136 మంది చిన్నబిడ్డలను ఎంచుకున్నారు. చీట్లు తీసినట్టుగా సగం మందిని శిక్షణ పొందిన పెంపుడు కుటుంబాలకు పంపారు, మిగతా సగం మంది మామూలుగా నడిచే సంరక్షణలోనే ఉన్నారు. సంస్థల్లో అన్నం ఉంది, పరుపు ఉంది, ‘నా మనిషి’ లేదు. కుటుంబాలకు వెళ్లినవాళ్లలో అనుబంధం మెరుగుపడింది, అందులోనూ రెండేళ్లు నిండకముందే వెళ్లినవాళ్లలో ఎక్కువగా.

మీ చేతుల్లో ఒకరిని నమ్మడం నేర్చుకున్న బిడ్డ ఆ నేర్పును తనతో తీసుకెళ్తుంది. కొత్త అమ్మ దగ్గర ముందు మీ కోసం ఏడుస్తుంది. ఆ ఏడుపు చూసి దత్తత తల్లి భయపడితే, ‘బెంగ పెట్టుకుందంటే ఈ బిడ్డకు ప్రేమించడం వచ్చన్నమాట’ అని చెప్పండి. మీకు కూడా దుఃఖం ఉంటుంది. దాన్ని దాచుకోవాల్సిన అవసరం ఏ హోమ్‌లోనూ ఉండకూడదు. ఒక బిడ్డ వెళ్లిన మర్నాడు ఆ ఆయమ్మకు సెలవు ఇవ్వమని నేను సూపరింటెండెంట్లను అడుగుతాను. కొందరు ఇస్తారు.

డ్యూటీ దిగేటప్పుడు చెప్పి వెళ్తే గోల చేస్తుంది. కన్నుగప్పి వెళ్తే నయం కదా?

ఆ పూటకు నయంగానే కనిపిస్తుంది. మన ఇళ్లలోనూ అలాగే చేస్తాం: పిల్ల టీవీ చూస్తుంటే వెనక తలుపు నుంచి ఆఫీసుకు వెళ్లిపోతాం. బిడ్డకు మాత్రం దీనివల్ల ఒక విషయం అర్థమవుతుంది, కళ్లు తిప్పుకుంటే మనుషులు మాయమైపోతారని. ఆపైన కొంగు వదలదు. చెప్పి వెళ్లండి. చిన్న మాట, రోజూ అదే మాట: ‘నేను ఇంటికెళ్తున్నా, రేపు పొద్దున ఇడ్లీ టైమ్‌కు వస్తా.’ ఏడుస్తుంది. రాత్రి డ్యూటీ ఆయమ్మ చేతికి అందించి వెళ్లండి, నేల మీద దించి వెళ్లకండి. పొద్దున వచ్చాక ‘చూశావా, వచ్చేశా’ అనండి. రావడం కుదరదని తెలిసిన రోజు వస్తానని చెప్పకండి.

ఎవరొచ్చినా ‘అమ్మా’ అని అతుక్కుపోతుంది. వచ్చినవాళ్లు ‘ఎంత కలుపుగోలు పిల్లో’ అంటారు. సంతోషించాలా?

జాగ్రత్తపడాలి. కొత్తా పాతా తేడా లేకుండా అందరి ఒళ్లోకీ వెళ్లే పిల్లకు ప్రత్యేకంగా ఎవరూ లేరని అనుమానించండి. ముందు ముందు మోసగాళ్ల వెంట వెళ్లే ప్రమాదం కూడా ఇక్కడే ఉంది.

దీనికి హోమ్‌లు చేయగలిగింది చాలా ఉంది. పుట్టినరోజులకు కేకు, బిర్యానీ తెచ్చేవారు మన ఊళ్లలో ఎక్కువ. మంచి మనసుతోనే వస్తారు. ఒక గంటసేపు పిల్లలను ఎత్తుకుంటారు, ఫొటో దిగుతారు, మళ్లీ రారు. నెలకు పది బృందాలు వస్తే ఆ చిన్నపిల్ల నెలకు పదిసార్లు ఒకరిని పొంది, పదిసార్లు పోగొట్టుకున్నట్టు. అందుకే దాతలకు ముందే చెప్పండి: వంట సామాను ఇవ్వవచ్చు, భోజనం వడ్డించవచ్చు, చిన్నపిల్లలను ఎత్తుకోవద్దు, ఫొటోలు తీయవద్దు. ఒక్కసారి పెద్ద పార్టీ ఇచ్చేవారి కంటే, ప్రతి శనివారం అదే సమయానికి వచ్చి అదే నలుగురు పిల్లలకు కథ చెప్పేవారు కావాలి.

పిల్లతో మాత్రం కటువుగా ఉండకండి. కొత్తవాళ్ల వైపు పరుగెత్తినప్పుడు చెయ్యి పట్టుకుని ‘ముందు నన్ను అడుగు’ అనండి. తల నిమరడం, ముద్ద పెట్టడం, జడ వేయడం ఒకరిద్దరి చేతుల మీదుగానే జరిగేలా చూడండి.

దిండు కింద అన్నం ముద్దలు, బిస్కెట్లు దాచుకుంటున్నాడు. చీమలు పడుతున్నాయి. దొంగతనం అలవాటవుతోందా?

ఆకలి తెలిసిన పిల్లాడు రేపటి కోసం దాచుకుంటున్నాడు. తిడితే ఇంకా లోపల దాస్తాడు. అతని పేరు రాసిన మూత డబ్బా ఒకటి ఇవ్వండి. అందులో వేయించిన పల్లీలు, మరమరాలు, బిస్కెట్లు ఎప్పుడూ ఉండేలా చూడండి. ఖాళీ అయితే అడగకముందే నింపండి. చాలామంది పిల్లలు కొన్ని వారాలు మూత తీసి చూసుకుంటారు, తినరు కూడా. ఉందని నమ్మకం కుదిరాక మరిచిపోతారు.

అన్నీ నేర్చుకుని కూడా నిన్న కోపంలో గట్టిగా అరిచేశాను. ఇన్నాళ్ల పనీ వృథా అయినట్టేనా?

కాలేదు. బిడ్డతో ఎప్పుడూ తాళం తప్పని మనిషి ఎక్కడా లేరు. అమెరికన్ మనస్తత్వవేత్త ఎడ్వర్డ్ ట్రానిక్ తల్లీబిడ్డల ఆటను క్షణం క్షణం గమనించి, బాగా సాగుతున్న జంటలు కూడా చాలాసేపు ఒకరికొకరు కుదరకుండానే ఉంటారని చూపించారు. మళ్లీ కలుసుకోవడమే ముఖ్యం. మీరు శాంతించాక బిడ్డ ఎత్తుకు వంగి, ‘నేను అరిచాను, నీకు భయం వేసింది, తప్పు నాదే’ అనండి. ‘నువ్వు అలా చేయడం వల్లే’ అని కలపకండి. పెద్దవాళ్లు తప్పు ఒప్పుకోవడం ఈ పిల్లల్లో కొందరు ఎన్నడూ చూసి ఉండరు. కొట్టడం వేరే సంగతి. సంస్థల్లో శారీరక దండన చట్టప్రకారం నేరం. చెయ్యి లేస్తోందని అనిపిస్తే ఆ క్షణమే ఇంకొకరిని పిలిచి బయటికి నడవండి.

ఒక పాప నాకు మాత్రమే తన మీద జరిగిన లైంగిక దాడి గురించి చెప్పి, ఎవరికీ చెప్పొద్దని ఒట్టు వేయించుకుంది. నమ్మకం పోతుందేమోనని భయంగా ఉంది.

ఆ ఒట్టు నిలబెట్టుకోలేరు. పోక్సో చట్టం 2012లోని 19వ సెక్షన్ ప్రకారం తెలిసినవారు పోలీసులకు తెలియజేయాల్సిందే, తెలియజేయకపోతే శిక్ష ఉంది. అయితే పాపకు తెలియకుండా వెళ్లకండి. ‘నాకు చెప్పి మంచి పని చేశావు. నిన్ను కాపాడాలంటే ఇంకొందరికి చెప్పాలి. ఎవరికి, ఎప్పుడు చెబుతున్నానో నీకు చెప్పే చేస్తాను’ అనండి. అదే కథను పదిమంది ముందు పదిసార్లు చెప్పించకండి. ఇకపై ఏ బిడ్డకూ ‘ఎవరికీ చెప్పను’ అని ముందుగా మాట ఇవ్వకండి.

## కుటుంబాలతో పనిచేసేవారికి

దత్తత తీసుకుని రెండు నెలలైంది. ‘పాప నాన్న దగ్గరికే వెళ్తోంది, నన్ను తోసేస్తోంది’ అని తల్లి ఏడుస్తోంది. ఏం చెప్పాలి?

ముందు ఆమె చెప్పేది వినండి. ఏళ్ల తరబడి ఎదురుచూసి, బొమ్మలు కొని, పేరు పెట్టుకున్న మనిషి ఆమె. ‘సర్దుకుంటుందిలే’ అంటే ఇంకా ఒంటరిదవుతుంది. తర్వాత ఈ వివరం చెప్పండి: అంతకుముందు ఆయమ్మలు మారుతూ వచ్చిన బిడ్డకు ఆడ మనిషి అంటే వెళ్లిపోయే మనిషి. అందుకే ఎక్కువ దగ్గరయ్యేలా కనిపించిన వ్యక్తినే ఎక్కువ పరీక్షిస్తుంది.

కొన్ని నెలలు అన్నం పెట్టడం, స్నానం, నిద్రపుచ్చడం అమ్మానాన్నలే చేయాలి. చుట్టాలకు పార్టీ తర్వాత ఇవ్వవచ్చు. పిల్ల దూరం జరిగితే వెంటపడకుండా, కోపగించుకోకుండా అందేంత దూరంలో కూర్చోమనండి. దెబ్బ తగిలి ‘ఏం కాలేదు’ అన్నట్టు నడిచిపోతున్నా దగ్గరికెళ్లి ఊది, మందు రాయమనండి. అమెరికాలో మేరీ డోజియర్ రూపొందించిన పది వారాల ఇంటి సందర్శన కార్యక్రమం నేర్పేది ముఖ్యంగా ఇదే: బిడ్డ తోసేస్తున్నా, తనకు కావాల్సిన ఓదార్పు ఇవ్వడం.

మన దేశంలో దత్తత తర్వాత రెండేళ్లపాటు ఆరు నెలలకొకసారి ఫాలోఅప్ నివేదిక రాయాలి. దాన్ని ఫారం నింపే పనిగా చూడకండి. ఇంటికి వెళ్లి, తల్లితో విడిగా అరగంట కూర్చోండి.

మా పాపను ఆరు నెలలప్పుడు అమ్మమ్మ దగ్గర వదిలి అమెరికా వెళ్లాం. ఇప్పుడు మూడేళ్లు, తెచ్చుకున్నాం. రాత్రంతా ఏడుస్తోంది. పాపకు అటాచ్‌మెంట్ సమస్య ఉందా?

డాలస్ నుంచీ న్యూజెర్సీ నుంచీ ఈ ఫోన్లు వస్తాయి. గల్ఫ్ కుటుంబాల్లోనూ ఇలాంటిదే చూస్తాం. పాపకు అనుబంధం కుదరలేదని కాదు, బాగా కుదిరింది, అమ్మమ్మతో. ఆ అమ్మమ్మే ఒక్క విమాన ప్రయాణంతో కనిపించకుండా పోయింది. పాప దృష్టిలో ఇది తల్లిని పోగొట్టుకోవడమే.

అందుకే అమ్మమ్మను మరిపించాలని చూడకండి. రోజూ ఒకే వేళకు వీడియో కాల్, పక్కలో అమ్మమ్మ పాత చీర ముక్క, ఆమె పాడిన జోలపాట, ఆమె కలిపినట్టే కలిపిన పప్పన్నం. వీలైతే అమ్మమ్మ కొన్ని నెలలు వచ్చి మీతో ఉండి, మెల్లగా పనులు మీ చేతికి అప్పగించాలి. ప్రీస్కూల్‌లో చేర్చడం కొంత ఆలస్యం చేయండి. ‘నేనే మీ అమ్మను’ అని వాదించవద్దు. ‘అమ్మమ్మ కావాలి కదా, నాకు తెలుసు’ అనే మనిషి దగ్గరికే పాప వస్తుంది.

## పనిలో కొనసాగుతున్నవారికి

ఇంటికెళ్లినా ఆ పిల్లలే కళ్లలో మెదులుతున్నారు. సొంత పిల్లల మీద విసుక్కుంటున్నాను. మానేయాలా?

వెంటనే మానేయకండి, అలాగని ఒంటరిగానూ మోయకండి. ఈ పనికి సూపర్‌విజన్ అన్నంలాంటిది. పదిహేను రోజులకొకసారైనా ఒక అనుభవజ్ఞుడి ముందు కూర్చుని, ఒక బిడ్డ గురించి, ఆ బిడ్డ మీలో రేపిన కోపం గురించి, నిస్సహాయత గురించి మాట్లాడగలగాలి. సంస్థ ఏర్పాటు చేయకపోతే మీతో శిక్షణ తీసుకున్న నలుగురు కలిసి నెలకోసారి కూర్చోండి, పిల్లల పేర్లు చెప్పకుండా. నిద్ర పట్టకపోవడం, బిడ్డ ఏడుస్తున్నా ఏమీ అనిపించకపోవడం రెండు వారాలు దాటితే డాక్టర్‌ను కలవండి. ఇరవై మంది పిల్లలకు ఒక్క ఆయమ్మను పెట్టి, ‘మీకు ఓర్పు లేదు’ అనే చోట మాత్రం తప్పు మీది కాదు. అక్కడ శిక్షణ కంటే ముందు మనుషులు కావాలి.

పిల్ల బాగుపడుతోందని ఎలా తెలుస్తుంది? ఎంతకాలం పడుతుంది?

కాలం చెప్పలేను. వయసు, అంతకుముందు గడిచిన జీవితం, ఇప్పుడున్న మనుషుల నిలకడను బట్టి నెలలు పట్టవచ్చు, ఏళ్లు పట్టవచ్చు. గుర్తులు మాత్రం చెప్పగలను, అవి తరచుగా గొడవలా కనిపిస్తాయి. అందరి ఒళ్లోకీ వెళ్లే పిల్ల కొత్త చేయడం మొదలుపెడుతుంది. ఎప్పుడూ ఏడవని పిల్లాడు చిన్న గీతకే మారాం చేస్తాడు. మీరు వారం సెలవు పెట్టి వస్తే అలిగి ముఖం తిప్పుకుంటాడు. ‘శిక్షణ తర్వాత పిల్లలు పాడయ్యారు’ అని పై అధికారులు అన్నప్పుడు ఈ సంగతి వివరించాలి.

నేను ఎక్కువగా ఎదురుచూసేది ఒకటుంది. పిల్ల ఆడుకుంటూ కింద పడుతుంది. వెంటనే ఏడవదు. తలెత్తి అటూ ఇటూ చూస్తుంది, తన ఆయమ్మ కనబడేదాకా వెతుకుతుంది, కనబడ్డాక అప్పుడు ఏడుస్తుంది. రిజిస్టర్‌లో బరువు, ఎత్తు రాసే గడి పక్కన ఆ తేదీ కూడా రాసి పెట్టండి.